వాక్కాయలు వేసే వేళ

మా ఇంట్లో పంది మాంసం వండేది నేను. మా ఆవిడ తినదు, ముట్టదు, వండిన గిన్నెను వంటింటి గడప దాటనివ్వదు. పెళ్లి చేసుకుని ఆమెను విజయనగరం పక్క పల్లె నుంచి భిలాయి తీసుకొచ్చిన కొత్తలోనే ఈ సంగతి తేల్చేసింది. "మీ తిండి నేనొద్దన్ను. ఆ గిన్ని, ఆ గరిటి పెరట్లోనే ఉండాల. తినీసి, తానం సేసి లోపలికి రండి" అంది. నేను సరేనన్నాను. ఆనాడు అనుకున్న మాటను ఇద్దరం ఇప్పటికీ నిలబెట్టుకుంటూనే ఉన్నాం. కాపురంలో ఇంతగా నిలిచిన మాటలు మాకు మరీ ఎక్కువ లేవు కాబట్టి, దీని గురించి కాస్త గొప్పగానే చెప్పుకుంటాను.

అప్పట్లో మాది సెక్టర్ 6లో కంపెనీ క్వార్టరు. వెనక పెరడు, పెరటికి కంచెగా వాక్కాయ పొదలు. ముళ్లుంటే ఆవులు రావని మాకంటే ముందున్న వాళ్లెవరో నాటి వెళ్లారు. ఇక్కడి వాళ్లు కరోందా అంటారు. వానలు పడితే చాలు, ఒక చెంప తెల్లగా, ఒక చెంప ఎర్రగా గుత్తులు గుత్తులుగా కాసేవి. మా ఆవిడ పప్పులో వేసేది, పచ్చడి పెట్టేది, ఇరుగుపొరుగుకు పంచేది, అయినా మిగిలేవి. ఊళ్లో మా అమ్మ పంది కూరలో చింతకాయ తొక్కు వేసేది. నాకు చేతికందేది వాక్కాయ కనుక ఒకసారి అదే వేసి చూశాను. మళ్లీ చింతకాయ జోలికి పోలేదు. చింతకాయ పులుపు కూరలో విడిగా నిలబడుతుంది. వాక్కాయ పులుపు కొవ్వులోకి దిగిపోతుంది. ముక్క నోట్లో పెట్టుకుంటే ముందు మెత్తదనం తెలుస్తుంది, తర్వాత కారం, మింగేశాక ఎక్కడో వెనక నుంచి నెమ్మదిగా పులుపు వస్తుంది.

డ్యూటీ చేసుకునే మనిషికి ఇంత సులువైన వంట మరొకటి దొరకదు. తోలూ కొవ్వూ ఉన్న ముక్కలు కడిగి ఉప్పు, పసుపు, అల్లం వెల్లుల్లి ముద్ద పట్టించాలి. ఉల్లిపాయలు పెద్దగా కోసి గిన్నె అడుగున పరవాలి. వేయించి దంచిన ఎండుమిరపకాయలు, ధనియాలు పైన చల్లాలి. నూనె వద్దు, నీళ్లూ వద్దు. కొవ్వు కరిగి అదే నూనె అవుతుంది, ఉల్లిపాయ ఊరి అదే నీరవుతుంది. కుంపట్లో బొగ్గులు బాగా రాజుకున్నాక పైన బూడిద కప్పి, గిన్నె ఎక్కించి, మూత పళ్లెంలో కాసిని నీళ్లు పోసి వదిలేయాలి. ఇక వారం సెలవునాడు చేసుకోవాల్సిన పనులన్నీ చేసుకోవచ్చు. నేను సైకిల్ గొలుసు విప్పి కిరసనాయిలుతో కడిగేవాణ్ని, మా వాడికి జుట్టు కత్తిరించేవాణ్ని, కాసేపు మంచం మీద నడుం వాల్చేవాణ్ని. కూర తన పని తాను చేసుకునేది.

ఒక్కచోట మాత్రం మనిషి కావాలి. కాయలు ఎప్పుడు వేయాలన్నది మనిషే చూసుకోవాలి. ముందే వేస్తే పులుపు తగిలి ముక్క బిగుసుకుపోతుంది, ఇక ఎంత ఉడికినా తాడులా సాగుతుంది. ఆలస్యం చేస్తే కాయ వేరు, కూర వేరు. పచ్చి కొవ్వు కంపు పోయి, పెనం మీద వేరుశనగ గుళ్లు వేగుతున్నట్టు ఒక కమ్మటి వాసన మొదలవుతుంది. సరిగ్గా అప్పుడు వేయాలి. మాటిమాటికీ మూత తీసి చూద్దామంటే ఆవిరి పోయి కూర చెడుతుంది. మూత పక్కనుంచి వచ్చే వాసన పట్టుకుని ముక్కే చెప్పాలి. నా ముక్కు ఏనాడూ తప్పు చెప్పలేదు. స్టీల్ ప్లాంటులో నా జట్టులో బిహారు వాళ్లు, కేరళ వాళ్లు, ఒడిశా వాళ్లు ఉండేవారు. ఒకరి కూర ఒకరికి నచ్చేది కాదు. నా డబ్బా మూత తీస్తే మాత్రం అందరి చేతులూ అందులోనే ఉండేవి.

ఆ ముక్కే పోయింది. కరోనా వచ్చి తగ్గింది గానీ వాసన తిరిగి రాలేదు. అగరుబత్తీ, అంట్ల సబ్బూ, మాడిన అన్నమూ నాకు ఒకటే అయిపోయాయి. అప్పటికే రిటైరై భిలాయిలోనే వైశాలి నగర్‌లో కట్టుకున్న ఇంటికి వచ్చేశాం. క్వార్టరు నుంచి తెచ్చి నాటిన వాక్కాయ మొక్క ఇక్కడి పెరట్లో గోడ పక్కన పొదై కాస్తోంది. ఒకసారి వండి చూశాను. కాయలు ముందే వేసేశాను కాబోలు, ముక్క నమిలి నమిలి దవడలు నొప్పిపుట్టాయి. గిన్నె తోమి గోడ మీద బోర్లించాను. అది అలాగే ఉండిపోయింది.

కిందటేడు మా అబ్బాయి పెళ్లయింది. కోడలిది కాకినాడ వైపు క్రైస్తవ కుటుంబం. వాళ్ల నాన్న కూడా ప్లాంటులోనే చేసి రిటైరయ్యాడు. భార్య పోయిన మనిషి. ఆవిడ పోయాక తమ ఇంట్లో పంది మాంసం వండేవాళ్లు లేరనీ, నాన్నకు అదంటే ప్రాణమనీ కోడలు ఒకరోజు మాటవరసకు అంది. అంతే, మా వాడు అందుకున్నాడు. మా డాడీలా వండేవాడు భిలాయి మొత్తంలో లేడన్నాడు. వచ్చే ఆదివారం రాత్రి భోజనానికి రమ్మని అక్కడికక్కడే మామగారికి ఫోన్ చేసేశాడు. పెళ్లయ్యాక వియ్యంకుడు మా ఇంటికి రావడం అదే మొదలు.

"నాకు ముక్కు లేదు కదరా" అన్నాను.

"వండేది సెయ్యి కదా డాడీ, ముక్కుతో పనేటి? టెన్షన్ తీసుకోకు" అన్నాడు వాడు.

కొడుకు అంత గొప్పగా చెప్పుకున్నాక కాదనడం ఎలా? కొత్త పెళ్లాం ముందు వాడి మాట పోకూడదు. నోరు విప్పి అడగని ఆ పెద్దమనిషికి, అన్నాళ్ల తర్వాత దొరికే ముక్క తాడులా సాగకూడదు. రెండు రోజులు ఇదే ఆలోచన.

అలా ఆలోచిస్తూ ఉండగా కిటికీ గుర్తొచ్చింది. క్వార్టరులో నేను గిన్నె కుంపటి మీద పెట్టగానే మా ఆవిడ పెరటి వైపున్న వంటింటి కిటికీ ఠపీమని మూసేది. ఆ చప్పుడు వింటే పక్క క్వార్టరు వాళ్లకు కూడా ఇవాళ మా ఇంట్లో ఏం కూరో తెలిసిపోయేది. కిటికీ సందుల్లోంచి వచ్చే కంపు పోయిందనిపించాక మళ్లీ తెరిచేది. నేను సైకిల్ దగ్గర్నుంచి లేచి, కాయలు వేద్దామని గిన్నె వైపు నడుస్తుంటే, వెనక ఆ కిటికీ గడియ తీసిన చప్పుడు వినిపిస్తూ ఉండేది. ఏళ్ల తరబడి విన్నాను గానీ ఎన్నడూ ఆలోచించలేదు. నా ముక్కుకు కమ్మగా అనిపించిన వేళా, ఆమె ముక్కుకు కంపు పోయిన వేళా ఒక్కటే.

ఆదివారం పొద్దున్నే వెళ్లి, నాకు ఎప్పటినుంచో మాంసం ఇచ్చే అతని దగ్గర మంచి ముక్క కొట్టించుకొచ్చాను. గోడ మీది గిన్నె దించి తోమాను. మధ్యాహ్నం కుంపటి రాజేసి గిన్నె పెట్టగానే కిటికీ ఠపీమంది. నాకు ధైర్యం వచ్చింది. కుర్చీ వేసుకుని, వాక్కాయలు చీల్చి గింజలు తీస్తూ, కళ్లు కిటికీ మీదే పెట్టి కూర్చున్నాను.

కాయలన్నీ అయిపోయాయి. కిటికీ తెరుచుకోలేదు. నిప్పు మీద ఇంకాస్త బూడిద కప్పాను. తెరుచుకోలేదు. లోపల అత్తా కోడలూ గారెలు వేస్తున్నారు, నవ్వులు వినిపిస్తున్నాయి. అప్పుడు పైకి చూస్తే సంగతి అర్థమైంది. ఈ ఇంట్లో వంటింటి గోడకు ఫ్యాను ఉంది, పొగను బయటికి తోసేది, మా వాడే పెట్టించాడు. నూనె పొగ వస్తోందని కోడలు దాన్ని వేసింది. ఫ్యాను తిరుగుతుంటే నా కూర వాసన లోపలికి పోనే పోదు, కంపు పోయిందో లేదో ఆమెకు తెలియనే తెలియదు. ఆ కిటికీ ఇక రాత్రి దాకా తెరుచుకోదు.

వంటింటి గుమ్మం దగ్గరికి వెళ్లి మా ఆవిణ్ని బయటికి పిలిచాను. కిటికీ సంగతంతా చెప్పాను. సెక్టర్ 6 నుంచి మొదలుపెట్టి ఏమీ దాచకుండా చెప్పాను. కోడలు గరిటె పట్టుకుని అలాగే నిలబడి వింది.

"నేను కంపని కిటికీ మూసుకుంటే, దాన్ని మీరు గడియారం సేసుకున్నారేటి?" అంది మా ఆవిడ.

"నాకు తెలీడం లేదే. నీకు తెలుస్తాది" అన్నాను.

చేతులు కడుక్కుని వచ్చింది. కుంపటికి అంత దూరాన, ముక్కుకు కొంగు అడ్డం పెట్టుకుని నిలబడింది. కొంగు ఉంటే వాసన తెలియదని ఆమెకే తోచినట్టుంది, తీసేసింది. ఇంకో నాలుగడుగులు ముందుకు వేసింది. మొహం చిట్లించింది.

"ఇంకా పచ్చి కంపే. కూకోండి."

లోపలికి వెళ్లిపోతుందనుకున్నాను. వెళ్లలేదు. పెరటి మెట్టు మీద కూర్చుంది. గారెలు కోడలు చూసుకుంటుందిలే అంది. వియ్యంకుడికి కారం ఎక్కువ పడుతుందా తక్కువ పడుతుందా అని అడిగింది. క్వార్టరులో మా గిన్నె మూత ఎత్తుకుపోయిన కుక్క గురించి చెప్పుకుని ఇద్దరం నవ్వుకున్నాం. మాట మధ్యలో ఠక్కున ఆగిపోయింది. లేచి గిన్నె పక్కకు వెళ్లింది, అంత దగ్గరగా ఆమె ఎన్నడూ రాలేదు. మూత మీదికి వంగింది.

"ఇదీ. కిటికీ తీసీది ఈ వాసనకే నేను. ఎయ్యండి కాయలు. బేగి మూతెట్టీండి."

వేశాను. ఆమె మాట తప్ప నా దగ్గర ఇంకో ఆధారం లేదు.

చీకటి పడే వేళకు వియ్యంకుడు స్కూటరు మీద వచ్చాడు, చేతిలో కేకు పెట్టె. అప్పుడు ఇంకో చిక్కు. భోజనాల బల్ల లోపల, గిన్నె బయట. ఒక్క గిన్నెడు కూర లోపలికి తేనిస్తావా అని అడగడానికి నాకు నోరు రాలేదు. మా ఆవిడే తేల్చింది. "గిన్ని లోపలికి రాదు. మనవే బయిటికి పోదాం" అని మా వాడి చేత బల్లను పెరట్లో వేయించింది. వాన వెలిసి నేల తడిగానే ఉంది. గోడ మీద బల్బు వేశారు. బల్ల చివర తన కంచం పెట్టుకుంది, అందులో పప్పూ వంకాయ కూరా. ఆ గిన్నె మూత తీసి ఉండగా ఆమె పెరట్లో కూర్చుని అన్నం తినడం అదే మొదటిసారి.

వియ్యంకుడు మొదటి ముక్క నోట్లో పెట్టుకున్నాడు. నేను ఆయన దవడనే చూస్తున్నాను. నమలాల్సిన పని పెద్దగా పడలేదు. రెండో ముక్క, మూడో ముక్క అయ్యాక అప్పుడన్నాడు, తన భార్య మామిడికాయ వేసేదని, ఇది దానికంటే వేరని, కానీ ముక్క మాత్రం ఇలాగే కరిగిపోయేదని.

"కాయ వేసే వేళ అందరికీ దొరకదండీ బావగారూ. ఆవిడకి దొరికేది. మీకెలా తెలుస్తుంది?" అని అడిగాడు.

"నాకు తెలీదండీ. మీ చెల్లెమ్మకి తెలుస్తాది" అన్నాను. కోడలు గబగబా జరిగిందంతా తండ్రికి చెప్పేసింది.

ఆయన మా ఆవిడ వైపు తిరిగి, తినకుండా ఎలా పట్టుకున్నావమ్మా అన్నాడు. ఆమె పప్పన్నం కలుపుకుంటూ, తలెత్తకుండానే, "తినేవోలికి మనసు రుసి మీదుంటాది అన్నయ్యగారూ. వాసన నాకే తెలుస్తాది" అంది. ఆ మాట అన్నప్పుడు ఆమె గొంతు వినాలి. పెద్ద పెద్ద సూపర్‌వైజర్లు కూడా తమ పని గురించి అంత ధీమాగా చెప్పగా నేను వినలేదు. వియ్యంకుడు మళ్లీ కంచం చాపాడు. గిన్నె అడుగు దాకా గీకి వడ్డించాను.

అప్పటినుంచి నెలకోసారి ఆయన వస్తాడు. కూరలో చలికాలమైతే రేగుపళ్లు, వేసవిలో మామిడికాయ, వానల్లో మళ్లీ వాక్కాయ. గిన్నె ఇప్పటికీ గడప దాటలేదు, పెరట్లోనే తింటాం. నేను వండే రోజు మా ఆవిడ ఫ్యాను వేయనివ్వదు, ఎవరు వేసినా వచ్చి ఆపేస్తుంది. కిటికీ మాత్రం ఠపీమని మూస్తుంది. మూస్తేనే కదా, తెరిచిన చప్పుడు నాకు వినిపించేది.