ఏటా నూనె వేసిన తాళం

మా ఊరికి జ్ఞాపకశక్తి మహా గొప్పది. ఎవరింట్లో ఎవరు ఎవరితో మాటలు మానేశారో ముప్పై ఏళ్ళ తర్వాత కూడా తేదీతో సహా చెబుతుంది. సంచుల మిల్లు తగలబడిన సంగతి మాత్రం అడగకూడదు. అడిగితే, వాన వచ్చేలా ఉందంటారు.

మా తాళాలాయన ఈ ఊరికి తగ్గ మనిషి. ఊళ్ళో సగం తలుపులు తెరిచి, తన నోటికి మాత్రం తాళం వేసుకుని బతికాడు. మిల్లు కాలిన మర్నాడు గేటు తాళం తీయడానికి అతన్నే పిలిచారు. తీశాక కాగితం మీద ఒక్క మాట రాసిచ్చాడు: "తుప్పు". అంటే వాచ్‌మన్ నూనె వేయలేదు, తాళం బిగుసుకుంది, లోపల ఐదుగురు పోయారు. బయటి నుంచి గేటు గుంజుతూ ఆ వాచ్‌మన్ కూడా పోయాడు గనక, కాదనేవాడు లేక అందరికీ సౌకర్యంగా ఉంది.

తాళం పారేయమన్నారు. పారేయలేదు. సొరుగులో దాచి, ఏటా ఆ రోజున తుడిచి నూనె వేసేవాడు. ప్రాయశ్చిత్తం ఇంత చవగ్గా కుదిరే వృత్తి మరొకటి నేనెరగను.

మొన్న మిల్లు స్థలంలో పోయినవాళ్ళ పేర్లతో రాయి పెడదామని కమిటీ వేశారు. ఐదు పేర్లే. వాచ్‌మన్ కూతురు తాళాల కొట్టుకొచ్చింది.

"బాబాయ్, తాళం బాగానే ఉండేదని తేలితేనే మా నాన్న పేరు చెక్కుతారట."

"తేల్చడమెంతసేపమ్మా, తెచ్చి చూపిస్తాగా!"

నోరు విప్పకుండా గండం గడిచే దారి దొరికిందని తాళాలాయన మొహం వెలిగిపోయింది.

కమిటీ ముందు తాళంచెవి పెట్టి తిప్పాడు. తాళం కిక్కురుమనకుండా తెరుచుకుంది.

కమిటీ పెద్ద నవ్వాడు. మిల్లు యజమాని కొడుకే ఆయన. "నూనె కారుతోందిగా పెద్దాయనా! నలభై ఏళ్ళు ఇంత సేవ చేస్తే తెరుచుకోక ఏం చేస్తుంది? ఇందులో సగం ఆ వాచ్‌మన్ చేసుంటే బావుండేది."

కూతురు తలొంచుకుంది. తాళాలాయన రెండుసార్లు దగ్గాడు.

"ఈ చెవి ఎక్కడిదో అడగరేం బాబూ?"

"ఎక్కడిది?"

"మీ నాన్నగారి జేబులోది. షిఫ్టు మొదలవగానే తాళమేసి, చెవి ఇంటికి పట్టుకెళ్ళేవారు. వాచ్‌మన్ చేతికి ఏనాడూ ఇవ్వలేదు. నన్ను పిలిచింది తీయడానికి కాదు, రాయించుకోడానికి. ఆ పొద్దున ఆయనిచ్చిన ఈ చెవితో తాళం ఒక్క తిప్పుకే వచ్చింది. తుప్పు లేదు. రాసింది నేనే."

కిటికీ పక్కనున్న సభ్యుడొకాయన బయటికి చూసి, వాన వచ్చేలా ఉందన్నాడు.

"రానీండి" అంది కూతురు, పేర్ల కాగితం ఆయన ముందుకు జరుపుతూ. "ముందిక్కడ ఆరో పేరు రాయండి."