శంకరన్న తిరిగొచ్చాడా, రాలేదా: యాన్బు నుంచి జెద్దా దాకా ఒక ప్రశ్న

జెద్దా అనగానే అందరూ సముద్రం చూడ్డానికో బంగారం కొనడానికో వెళ్తారు. మేం వెళ్ళింది నర్సవ్వ వేసిన ఒక ప్రశ్నకు జవాబు తేవడానికి. నర్సవ్వ అంటే మల్లేశన్న భార్య, జగిత్యాల దగ్గర ఊళ్ళో ఉంటుంది. మల్లేశన్న సౌదీలోని యాన్బులో మా కంపెనీ క్యాంపులో ఏసీలు బాగుచేస్తాడు. నాది తెనాలి, అదే కంపెనీ ఆఫీసులో కాగితాలు చూసుకుంటాను. ఒక మధ్యాహ్నం మెస్సులో నేను ఫోను చూస్తుంటే, తైవాన్‌లో బాగా పేరున్న ఒక సినిమా నటుడు జెద్దా వచ్చి తన జీవితం గురించి మాట్లాడతాడన్న ప్రకటన కనబడింది. నా భుజం మీదుగా తొంగిచూసిన మల్లేశన్న చేతిలో ముద్ద చేతిలోనే ఉంచుకుని కేకేశాడు. "అరె, గీయన మా శంకరన్న గదనే!"

తైవాన్ మనిషికి శంకర్ అన్న పేరెలా వచ్చిందో చెప్పాలి. పడుచు వయసులో మల్లేశన్న వాళ్ళ ఊళ్ళో వీడియో హాలు నడిపాడు. నిజామాబాద్ నుంచి చైనా భాష సినిమాల క్యాసెట్లు తెచ్చేవాడు. కింద అక్షరాలుండవు, ఉన్నా చదివేవాళ్ళు లేరు. అందుకని టీవీ గొంతు నొక్కేసి, మైకు పట్టుకుని పక్కన నిలబడి, తనకు తోచిన కథ తెలుగులో చెప్పేవాడు. ఈ నటుడు ఎందులో కనబడితే అందులో ఆయనే హీరో, పేరు శంకర్. అలా ఆయన సొంత దేశంలో కన్నా ముందు జగిత్యాల పక్కనే పెద్ద స్టార్ అయిపోయాడు.

ఆ సినిమాల్లో ఒకదాని చివర శంకర్ వానలో ఓడెక్కుతాడు. రేవులో ఎర్ర గొడుగు పట్టుకుని భార్య నిలబడి ఉంటుంది. సరిగ్గా అక్కడే టేపు నలిగిపోయింది, ఇక తెర మీద గీతలే. మల్లేశన్న ఆ గీతల ముందే నిలబడి, శంకర్ సంపాదించుకుని తిరిగొచ్చాడని చెప్పేశాడు. నేల మీద కూర్చుని ఏడ్చిన ఆడపిల్లల్లో నర్సవ్వ ఒకతి. తర్వాత అతన్నే పెళ్ళాడింది. ఆ తర్వాత అతనూ గల్ఫు ఎక్కాడు, సెలవులకు తప్ప ఇంటి మొహం చూడలేదు. ఇప్పుడు ముదీర్, అంటే మా మేనేజరు, ఇంకో రెండేళ్ళకు సంతకం పెట్టమంటున్నాడు. పెట్టకపోతే ఖురూజ్, అంటే ఇకామా అనే నివాస కార్డు అప్పగించేసి ఇంటికి పోవడమే. మల్లేశన్న అటా ఇటా అని నెలరోజులుగా నలుగుతున్నాడు. నటుడి సంగతి చెబితే నర్సవ్వ ఫోనులో తెగేసి చెప్పింది. "నువ్వు జెప్పింది నేను నమ్మ. ఆయన్నే అడుగు. శంకర్ వాపస్ అచ్చిండా, లేదా? రాకుంటే నువ్వూ ఆడ్నే ఉండు."

అలా శుక్రవారం పొద్దున్నే తలా వంద రియాళ్ళిచ్చి షేరింగ్ కారెక్కాం. దారి సుళువే. ఎర్ర సముద్రం పక్కనే దక్షిణంగా, రాబిగ్ మీదుగా నాలుగు గంటల లోపే జెద్దా. జుమ్మా నమాజు వేళకు హోటళ్ళన్నీ మూస్తారు కాబట్టి రాబిగ్‌లోనే కడుపు నింపుకోవాలి. మేం నింపుకోలేదు, కారణం మా డ్రైవరు ఖాన్ భాయ్. పెషావర్ మనిషి. మల్లేశన్న తన హిందీలో ఓడ కథ మొదలుపెట్టేసరికి ఆయన ఎంత లీనమయ్యాడంటే రాబిగ్ మలుపు దాటి చాలా దూరం వచ్చేశాడు.

"ఫిర్ క్యా హువా? వాపస్ ఆయా కి నహీ?" అని అద్దంలోంచి అడిగాడు.

"వహీ పూఛ్‌నే జా రహే హై, భాయ్," అన్నాడు మల్లేశన్న.

ఖాన్ భాయ్ దింపేటప్పుడు తన నంబరు రాసిచ్చి, జవాబు తెలిస్తే మిస్డ్ కాల్ కాదు, నిజం కాల్ చేయమన్నాడు. ఆకలి మీదే జెద్దాలో మన దేశంవాళ్ళు ఎక్కువుండే షరఫియా పేటకు పోయి, నమాజయ్యాక తలుపు తీసిన మలయాళీ హోటల్లో మొదటి పళ్ళాలు మేమే అందుకున్నాం. పన్నెండు రియాళ్ళకు చేపల పులుసు, అన్నం.

సభ సాయంత్రం, పాత జెద్దాలో, చెక్క కిటికీల మేడల మధ్య ఒక హాల్లో. ముందే ఫోన్లో పేరు నమోదు చేసుకుంటే ప్రవేశం ఉచితం. నటుడికి అరవై దాటి ఉంటాయి, పొట్టివాడు, చెవులు పెద్దవి. ఆయన తన భాషలో చెబుతుంటే తైవాన్ నుంచే వచ్చిన ఒక అమ్మాయి ఇంగ్లీషులో చెప్పేది, నేను మల్లేశన్న చెవిలో తెలుగులో చెప్పేవాణ్ణి. రేవు ఊళ్ళో పుట్టాడట. అమ్మ సినిమా హాలు ముందు తోపుడు బండి మీద చేప ఉండల పులుసు అమ్మేదట.

"తప్పు, తమ్మీ. వాళ్ళమ్మ చిన్నప్పుడే వరదల కొట్కపోయింది."

"అది నువ్వు చెప్పిన కథన్నా. ఇది ఆయన చెబుతున్న కథ."

"ఆయన మర్శిపోయి ఉంటడు."

హీరోల బదులు మెట్ల మీంచి దొర్లే పనితో సినిమాల్లోకి వచ్చాడట. తర్వాత హీరో పక్కన నిలబడి చెంపదెబ్బలు తినే స్నేహితుడి వేషాలు. అవీ ఆగిపోయి, కొన్నేళ్ళు టాక్సీ నడిపి, దగ్గు మందు ప్రకటనల్లో దగ్గాడట. యాభై దాటాక ఒక కుర్ర దర్శకుడు తండ్రి వేషమిస్తే అప్పుడు దేశమంతా తెలిసిందట. మల్లేశన్న ఒక్క ముక్కా ఒప్పుకోలేదు. శంకర్‌ని చెంపదెబ్బ కొట్టే మగాడు పుట్టలేదని అతని వాదన.

ప్రశ్నల వేళ మైకు మా వరుసకు రాగానే లాక్కున్నాడు. "శంకరన్నా, నమస్తే! నువ్వు వాపస్ అచ్చినవా, లేదా?"

హాలంతా మా వైపు తిరిగింది. నేను లేచి వీడియో హాలు దగ్గర్నుంచి మొత్తం ఇంగ్లీషులో విప్పాను. ఆ అమ్మాయి తన భాషలో విప్పింది. వాన, ఓడ, ఎర్ర గొడుగు అనేసరికి నటుడు పడీ పడీ నవ్వాడు. ఓడలో వెళ్ళింది తను కాదట, తెల్ల కోటు వేసుకున్నాయనట.

"గాడు విలన్ గదా!" అన్నాడు మల్లేశన్న.

"ఆయనే హీరో. నేను ఆయన పెట్టె మోసిన స్నేహితుణ్ణి. పెట్టె ఓడలో పెట్టి, అవతలి మెట్ల మీంచి దిగిపోయాను. అక్కడితో నా వేషం అయిపోయింది," అని జవాబొచ్చింది.

"మరి సినిమా ఆఖరుకు ఏమైంది?" అని నేనే అడిగాను.

"నాకూ తెలీదు. మా అమ్మతో కలిసి చూశాను. ఏ సినిమా అయినా నా వేషం అయిపోగానే ఆమె లేచి వచ్చేసేది, ఆమెతో నేనూ. మీరు మీ ఊళ్ళో ఏం చెప్పారు?"

"అచ్చిండని జెప్పిన," అన్నాడు మల్లేశన్న, గొంతు తగ్గించి.

నటుడు కుర్చీలోంచి లేచి మా వరుస వైపు నడుం వంచి నమస్కరించాడు. ఆ రోజుల్లో తనను హీరో అనుకున్నది అమ్మ ఒక్కతేనని, ఇంకో ఊరు కూడా ఉందని తెలిసుంటే ఆమె ఎంత సంతోషించేదోనని అన్నాడు. చప్పట్ల మధ్య మల్లేశన్న బిక్కమొహం వేసుకుని కూర్చున్నాడు. అంత దూరం వచ్చి అడిగితే జవాబే లేదు.

బయట వరండాలో ఫోటోల వరుసలో మా వంతు వచ్చేసరికి అతను నర్సవ్వకు వీడియో కాల్ కలిపి ఫోను నటుడి ముందు పెట్టాడు. ఇంగ్లీషులో చెప్పే అమ్మాయి ఇంకా దూరంగా ఉంది. నటుడు తెరలోకి చెయ్యూపి తన భాషలో ఏదో అన్నాడు.

"ఏమంటుండు?" అంది నర్సవ్వ.

మల్లేశన్న ఛాతీ విరిచాడు. మైకు లేకపోయినా మైకు గొంతు వచ్చేసింది. "నర్సవ్వా! నేను ఓడ దిగిన. ఇగ ఎటూ పోను, ఇంటికే వస్తున్న... అంటుండు."

"ఆయన సంగతి కాదయ్యా. నువ్వేమంటున్నవ్?" అంది నర్సవ్వ.

"గదే," అన్నాడు మామూలు గొంతుతో. ఆమె కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. నాకూ కళ్ళు తడిశాయి, దాచుకోను.

తర్వాత ఆ అమ్మాయిని పక్కకు పిలిచి ఆయన నిజానికి ఏమన్నాడో కనుక్కున్నాను. "భోజనం చేశారా అని అడిగారు," అంది. ఆ మాట మల్లేశన్నకు చెప్పలేదు. ఖాన్ భాయ్‌కి మాత్రం ఫోన్ చేసి, తిరిగొచ్చాడని చెప్పాను. ఆయన మూడుసార్లు అల్‌హందులిల్లా అన్నాడు. ఒక మనిషి ముప్పై ఏళ్ళు దెబ్బలు తిని, పడి, దగ్గి చివరికి పేరు తెచ్చుకోవడం గొప్ప సంగతే. కానీ తను ఎక్కడ ఎవరికి ఏమయ్యాడో ఆయనకే తెలియదు. మా మధ్య మూడు భాషలున్నాయి, మూడింటిలోనూ నిజం కొంత జారిపోయింది. ఆ సాయంత్రం మల్లేశన్నకు అక్కరకొచ్చింది మాత్రం జారిపోయిన ముక్కే అనిపిస్తుంది.

వెళ్ళాలనుకునేవాళ్ళకు ఒక్క సలహా: యాన్బుకు తిరుగు బస్సు టికెట్టు ముందే కొనుక్కోండి. వారాంతంలో సీట్లు దొరకవు, మేం బస్టాండు బెంచీల మీద చాలాసేపు పడిగాపులు పడ్డాం. మల్లేశన్నకు మాత్రం ఈ సలహా చెప్పనక్కర్లేకపోయింది. ఖురూజ్ కాగితం చేతికి రాగానే అతను హైదరాబాదుకు కొన్నది ఒకవైపు టికెట్టే.