జలాంతర్గామిని నల్లరేగట్లో నడిపించిన వైనం

తెలివితక్కువతనంలో నేను ఎవరికీ తీసిపోనని ముందే ఒప్పుకుంటున్నాను. అయితే దేశపు నౌకాదళాన్ని ఎద్దుబండి వెనకాల నడిపించిన ఘనత మాత్రం నా ఒక్కడిదే. అదీ పెళ్ళిచూపుల్లో!

ఎనభైల చివర్లో ప్రత్తిపాడు దగ్గర ఒక బళ్ళో సైన్సు మాస్టర్ని. అబ్బాయి నోరు విప్పడన్న కారణంగా అప్పటికే రెండు సంబంధాలు తప్పిపోయాయి. మూడోది వాడరేవులో. పేతురు బాబాయి బస్సులోనే హెచ్చరించాడు.

"ఒరేయ్, ఏదో ఒకటి మాట్లాడు. ఇదీ పోతే మీ అమ్మకి నేను మొహం చూపించలేను."

మాట్లాడాను. అబ్బో, ఎంత మాట్లాడానో!

పిల్ల తండ్రి సుందరంగారు బల్ల మీదున్న పేపరు నా ముందుకు జరిపారు. అందులో మన దేశానికి కొత్తగా వచ్చిన అణు జలాంతర్గామి ఫొటో.

"ఇది మునిగాక ఎంత స్పీడు పోద్దంటారు మాస్టారూ?"

"మహా అయితే మనిషి నడిచినంతండి. పైకి తేలితేనే రయ్యిమని పోద్ది."

"అలాగా అండీ! ఎట్టా చెప్పగలరు?"

"వానపడ్డాక మా నల్లరేగడి చేలో దిగి చూడండి. మడమదాకా దిగితే నడుస్తాం. మోకాలిదాకా దిగితే ఈడుస్తాం. నడుందాకా దిగితే కేకలేస్తాం. అట్టాంటిది ఓడకి ఓడే దిగిపోతే?"

"సైన్సు మాస్టారు కదండీ మరి!" అని బాబాయి మురిసిపోయాడు.

తలుపు వెనకనుంచి కిసుక్కున నవ్వు. "నాన్నా, ఇంక చెప్పెయ్యండి, పాపం!" అంది పెళ్ళికూతురు సుగుణ.

సుందరంగారు గొంతు సవరించుకున్నారు. "నేను నేవీలో పదేళ్ళు సబ్‌మెరైన్లోనే చేశానండి. మా పాతవి మునిగినా గంటకి పాతిక కిలోమీటర్లు దాటేవి. ఈ అణు రకమైతే నలభై దాటుద్ది, అదీ మునిగాకే. పైనైతే అలల్తో పెనుగులాట. లోపల ఆ గొడవే లేదు."

బాబాయి నోట్లో జంతిక నలగడం ఆగిపోయింది.

"ఇంతకీ, ఇదంతా బళ్ళో పిల్లలకి కూడా చెప్పారా?" అన్నారు సుందరంగారు.

లేదనొచ్చు. బాబాయి మోకాలు నా మోకాలికి అదే సలహా ఇస్తోంది.

"చెప్పానండి. బోర్డు మీద బొమ్మేసి మరీ."

"మరి?"

"సోమవారం దిద్దుతానండి. మీరు ఇంకోసారి నిదానంగా చెబితే రాసుకుంటాను."

ఆయన నన్ను ఎగాదిగా చూశారు. ఇంతలో పెన్నూ కాగితం తెచ్చి నా ముందు పెట్టింది సుగుణ. సంబంధం కుదిరిందని బాబాయికంటే ముందు నాకే తెలిసింది.

ఈ రోజుకీ నా ప్రార్థనలో ఆ మామగారి పేరు నా పేరుకంటే ముందొస్తుంది. నేను తప్పు చెబితే నవ్వి, ఒప్పుకుంటే పిల్లనిచ్చిన మనిషి. ఎదుటివారు ఏ ఉద్యోగం చేశారో కనుక్కోకుండా నేల, నీరు, ఆకాశాల్లో కదిలే ఏ వస్తువు వేగమూ చెప్పనని బైబిలు మీద చెయ్యేసి ప్రమాణం చేశాను కూడా.

కానీ ఆయన ఈ కథని మా పెళ్ళిలో మైకు పట్టుకుని చెప్పారండీ!

మరుసటి ఏడు మిరప కోతలప్పుడు మా ఊరొచ్చారు. కల్లంలో ఆరబోసిన కాయల మధ్య నిలబడి ఉపన్యాసం మొదలెట్టారు.

"కాయ ఎంత లావుగా, ఎర్రగా ఉంటే అంత ఘాటు, అల్లుడుగారూ. ఈ సన్నవి ఉత్తివి."

"ఓ సన్నది కొరికి చూడండి మామయ్యగారూ," అన్నాను వినయంగా.

కొరికారు. పదేళ్ళు సముద్రంలో గడిపిన మనిషికి కళ్ళలోనే సముద్రం వచ్చింది.

"ఏమండీ, నాన్నకి మజ్జిగ తెండి, త్వరగా!" అని సుగుణ కేకేసింది.

నేనే వెళ్ళాను. తొందరేమీ పడలేదు.