టాక్సీ కాగితంలో బావగారి పేరు

మా ఆయన టాక్సీ కాగితాల్లోంచి బావగారి పేరు కొట్టేయించాలని నేను తీర్మానించుకున్నది ఆసుపత్రి మంచం మీద. అప్పటికి బిడ్డ నా కడుపులో లేడు, పక్కలోనూ లేడు.

మేం బెంగాల్లో, గార్డెన్ రీచ్‌ పోర్టు క్వార్టర్లలో ఉండేవాళ్ళం. మా మామగారు శ్రీకాకుళం వైపు నుంచి వచ్చి డాక్‌లో కూలీగా చేరినవాడు. ఆయన పోయాక ఆ ఉద్యోగం పెద్దకొడుక్కి, అంటే మా బావగారికి వచ్చింది. క్వార్టరూ ఆయనదే అయింది. ఆ రెండు గదుల్లో బావగారు, తోటికోడలు, అత్త, మేమిద్దరం. మా ఆయనకి చదువు అబ్బలేదు గానీ స్టీరింగు అబ్బింది. ఎవరెవరి బళ్ళో నడిపి, చివరికి సొంత టాక్సీ కొనుక్కున్నాడు. ఆ ఇంటికి నాకంటే ముందు వచ్చింది అదే.

ఆ రోజుల్లో బండి పుస్తకంలో యజమాని తర్వాత ఎవరు అన్న గడి ఉండేది కాదు. ఇన్సూరెన్సు కాగితంలో ఉండేది. టాక్సీ స్టాండు యూనియన్ ఆఫీసులో కూడా ఒక కాగితం రాయించుకునేవాళ్ళు. అందులో ఎవరి పేరుంటే మనిషి పోయాక బండి వాళ్ళది. కోర్టులో అది ఎంతవరకు నిలిచేదో నాకు తెలీదు గానీ స్టాండులో మాత్రం ఆ మాటకి తిరుగులేదు. కొన్నప్పుడు మా ఆయనకి పెళ్ళి కాలేదు. రెండు చోట్లా అన్నగారి పేరే రాయించాడు. బావగారు ఆ సంగతి వచ్చిన చుట్టాలందరికీ చెప్పేవారు, నవ్వుతూనే.

ఒక వానాకాలం మా ఆయన మేనమామ చనిపోతే ఊరికి వెళ్ళాడు. నాకు నెలలు నిండాయని అత్త ఆగిపోయింది. అన్నకి డ్రైవింగు వచ్చు కాబట్టి తాళాలు ఆయన చేతికిచ్చి, అవసరమైతే ఆసుపత్రికి తీసుకెళ్ళమని చెప్పి మరీ వెళ్ళాడు. మర్నాడు మధ్యాహ్నం నొప్పులు మొదలయ్యాయి. పొద్దుటి నుంచి కురిసిన వానకి వీధిలో నీళ్ళు నిలిచాయి. అత్త వెళ్ళి పెద్దకొడుకుని అడిగింది. ఆయన కిటికీలోంచి వీధి చూసి, "ఇంజన్లోకి నీళ్ళెల్తే బండి పాడయిపోద్ది. రిక్షా పిలండి," అన్నారు.

సైకిల్ రిక్షా దొరికేసరికి చాలాసేపయింది. నేను అందులో మెలికలు తిరుగుతుంటే అత్త ఆ నీళ్ళలో పక్కనే నడిచింది, ఒక చేత్తో నా కాలు పట్టుకుని. ఆసుపత్రికి చేరాక మగబిడ్డ పుట్టాడు. ఏడవలేదు. ఇంకాస్త ముందు తెచ్చుంటే బతికేవాడని నర్సు అత్తతో బెంగాలీలో అంది. నాకు బెంగాలీ రాదనుకుంది.

రెండు రోజులకి, వీధిలో నీళ్ళు ఇంకా తియ్యకముందే, బావగారు తన అత్తవారి వైపు నుంచి వచ్చినవాళ్ళని అదే టాక్సీలో హౌరా స్టేషన్‌కి తీసుకెళ్ళి రైలెక్కించి వచ్చారు. ఆ మాట అత్తే నా మంచం దగ్గరకొచ్చి చెప్పింది.

మా ఆయన ఊరినుంచి వచ్చి ఏడ్చాడు. అన్నని మాత్రం ఒక్క మాట అడగలేదు. చర్చిలో బావగారు లేచి నిలబడి, దేవుని చిత్తమని మా కోసం ప్రార్థన చేశారు. నేను కళ్ళు మూసుకోలేదు. ఆయన పెదవులు కదలడం ఆమెన్ వరకూ చూశాను.

కాగితాల సంగతి మా ఆయనతో ఎత్తినప్పుడు ఒక్కటే అన్నాడు: "అన్న పేరు తీసేస్తే నొచ్చుకుంటాడే."

"నొచ్చుకోవాలనే," అన్నాను.

నా పేరు రాయిస్తే పరాయిపిల్ల ఎగరేసుకుపోయిందని బావగారు కులపెద్దల్నీ పాస్టరుగారినీ కూడగడతారని మా ఆయన భయం. అది నిజమే. ఏం చెయ్యాలో తోచక కూర్చుంటే, బియ్యం ఏరుకుంటున్న అత్త తలెత్తకుండానే అంది. "నా పేరు రాయించు. తల్లి మీద ఏటని తగువుకెల్తాడు?"

"ఆయనా మీ కొడుకే కదత్తా," అన్నాను.

"అందుకే. నా సేత్తోనే అవ్వాల."

ఇన్సూరెన్సు మళ్ళీ కట్టే సమయం రాగానే మా ఆయన రెండు చోట్లా పేరు మార్పించాడు. యూనియన్ ఆఫీసులో ఉండే పెద్దమనిషి బెంగాలీ, అందరికీ దాదా, అంటే అన్న. దాదా ఎందుకని అడగలేదు, ఎవరితోనూ అనలేదు.

ఆ తర్వాతి ఏళ్ళు నేను బతికిన విధానం చెప్తే మంచిదాన్నని ఎవరూ అనరు. బావగారికి రోజూ టీ పెట్టిచ్చేదాన్ని. ఆయన ఆదివారం పూట టాక్సీ బానెట్టు తుడుస్తూ, ఎప్పటికైనా ఇది మా ఇంటి పెద్దకి చెందేదేగా అంటుంటే, అవును బావగారూ అనేదాన్ని. ఆ అవును నోట్లో తియ్యగా ఉండేది. నాకు మళ్ళీ కాన్పు కాలేదు. ఒకరోజున అంతా ఆయన మొహం మీద చెప్పెయ్యాలని నాలిక చివరిదాకా వచ్చింది. మింగేశాను. తొందరపడి పారేసుకునేది కాదది.

మా ఆయన హౌరా స్టేషన్ ముందు టాక్సీల వరసలో, ప్యాసింజరు కోసం కాచుకుని, స్టీరింగు మీద తలపెట్టి పోయాడు. గుండె. నేను అంత తొందరగా ఆ రోజు వస్తుందనుకోలేదు, ఆ విధంగా రావాలనీ కోరుకోలేదు. సమాధి చేసిన మూడోరోజు ప్రార్థన అయ్యీ అవగానే బావగారు తాళాలు అడిగారు. బండికి డ్రైవరుని కూడా మాట్లాడేశారట. ఆడవాళ్ళకి టాక్సీతో ఏం పని, నెలకింతని నీకూ ఇస్తాలే అన్నారు.

తాళాలు తెచ్చి చేతిలో పెట్టాను. యూనియన్ ఆఫీసుకి అందరం వెళ్దాం బావగారూ, అక్కడ కాగితం చదివించుకుంటే మీకూ మంచిది అన్నాను. అంతకుముందే మా ఆయన స్నేహితుడు, ఛాప్రా వైపు నుంచి వచ్చిన డ్రైవరు, ఆ రోజు స్టాండు దగ్గర ఉండేలా మాట తీసుకున్నాను.

బావగారే బండి నడిపారు. అత్తా నేనూ వెనక కూర్చున్నాం. దారిలో సీటు కవర్లు మార్పించాలని అన్నారు.

స్టాండులో డ్రైవర్లంతా మా ఆయన మీద గౌరవంతో లేచి నిలబడ్డారు. దాదా కాగితం తీసి, కళ్ళజోడు సర్దుకుని, పేరు పైకి చదివాడు. బావగారు అర్థం కానట్టు మళ్ళీ చదవమన్నారు. దాదా మళ్ళీ చదివాడు.

"అమ్మా, ఇదేటి?" అన్నారు బావగారు. అంత చిన్న గొంతు ఆయనకుందని నాకు తెలీదు.

అత్త ఆయన వైపు తిరిగింది. "ఆ దినం నాను అడిగితే కిటికీలోంచి సూసి రిక్షా పిలమన్నావు. ఈ బండి నాది. నా కోడలికి ఇస్తన్నాను." దాదా వైపు తిరిగి, ఎక్కడ వేలిముద్ర వెయ్యాలో చూపించమంది.

నేను చెయ్యి చాపాను. "తాళాలు, బావగారూ."

ఆయన జేబులోంచి తీసి ఇస్తూ నా మొహం చూశారు. నేనూ చూశాను, తృప్తిగా చూశాను. దాన్ని వేరే మాటతో చెప్పడం నాకు చేతకాదు. ఛాప్రా డ్రైవరు బండెక్కాడు, మేం వెనక ఎక్కాం. బావగారు అంతమంది డ్రైవర్ల మధ్య నుంచి నడిచి బస్సు కోసం అటువైపు వెళ్ళారు.

ఆ మధ్యాహ్నమే క్వార్టరు ఖాళీ చేసి ఒక అద్దెగదిలోకి మారాం. నేను చేపల పులుసు వండుకుని కడుపునిండా తిన్నాను. అత్త కంచం ముట్టలేదు. పెద్దోడి మొహం కనిపిస్తన్నాదే అంది, అంతే. పోయేదాకా నా దగ్గరే ఉంది. క్రిస్మస్‌కి మాత్రం పెద్దకొడుకుని చూసి వచ్చేది. నేను వద్దనలేదు, వెంట వెళ్ళలేదు. క్షమించమని పాస్టరుగారు ఎన్నోసార్లు నచ్చజెప్పారు. అడగనివాళ్ళని ఎలా క్షమించాలండీ అంటే ఆయన బైబిలు తెరిచేవారు.

టాక్సీ అద్దెతోనే నేను బతికాను. చాలా ఏళ్ళకి బావగారు పోయారని కబురొస్తే వెళ్ళాను. నేను ఏడుస్తానేమోనని తోటికోడలి తరఫు వాళ్ళంతా ఒకటే చూడ్డం. బెంచీ మీద కూర్చుని, పాట పాడుతుంటే విని, వాళ్ళిచ్చిన టీ తాగి, బస్సెక్కి ఇంటికొచ్చేశాను.