అమ్మాజీ గొంతు

సుధీర్ మా పెద్దమ్మ కొడుకు. రాజోలులో పెళ్ళి వీడియోలు తీసుకుంటూ హాయిగా బతకాల్సినవాడు. అలా బతికితే మా అన్నయ్య ఎందుకవుతాడు? శ్మశానానికి దారి లేని పేటల మీద, గుర్తింపు కార్డులు దొరకని కౌలు రైతుల మీద పద్దెనిమిదేళ్ళుగా డాక్యుమెంటరీలు తీస్తున్నాడు. ఇల్లు గడిచేది వదిన టీచరు ఉద్యోగంతో. తీసినదాన్ని కూర్చి, శబ్దం సరిచేసే పని నాది. ఆయన మొండిఘటం, నేనూ తక్కువదాన్ని కాను. అందుకే కుదిరింది.

కిందటేడు రొయ్యల చెరువుల మీద తీశాడు. చెరువుల ఉప్పు ఊరి బావుల్లోకి దిగింది. కెమెరా ముందు ఆ మాట చెప్పడానికి ఎవరూ రాలేదు. చెరువు మీద కూలికెళ్ళే అమ్మాజీ ఒక్కతే ఒప్పుకుంది.

"నేనని తెలీకూడదండి. తెలిస్తే పని పోద్దండి" అంది. అన్నయ్య మాటిచ్చాడు.

ముఖం కనపడకుండా వెనకనుంచి తీశాడు. ఎడిటింగులో కూర్చున్నప్పుడు నేనన్నాను: "గొంతు కూడా మారుద్దాం అన్నయ్యా. ఆదివారం చర్చిలో పాట ఎత్తేది ఆవిడే. ఊరందరికీ తెలుసు."

"మారిస్తే రేకుడబ్బాలోంచి మాట్లాడినట్టుంటదే. ఆ బాధంతా గొంతులోనే ఉంది" అన్నాడు.

ఇంకోసారి విన్నాం. నిజమే, నాకు కళ్ళల్లో నీళ్ళొచ్చాయి. మార్చకుండా వదిలేసింది నా చేతులే. తప్పంతా అన్నయ్య మీదకి తోసేద్దామంటే మనసొప్పడం లేదు.

అమలాపురంలో వేస్తే జనం లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. నాలుగు రోజుల్లో అది ఫోన్లలో ఊరు చేరింది. ఆ గొంతెవరిదో పోల్చుకోవడానికి ఊరికి అర నిమిషం పట్టలేదు. చెరువు యజమాని అమ్మాజీనీ, ఆమె భర్త దేవసహాయాన్నీ పనిలోంచి తీసేశాడు. పక్క చెరువుల వాళ్ళూ రానివ్వలేదు.

క్షమాపణ అడగడానికి ఇద్దరం బయల్దేరాం. "తెలిసే చేశానని చెప్పేస్తానే" అని దారి పొడుగునా అన్నయ్య అంటూనే ఉన్నాడు. అమ్మాజీ కుర్చీలు వేసింది. దేవసహాయం కొబ్బరి బొండాలు కొట్టి తెచ్చాడు. మేం నోరు తెరిచేలోపే ఆవిడే మమ్మల్ని ఓదార్చడం మొదలెట్టింది.

"మీరేం బాధపడకండి బాబుగారూ. ముఖం చూపించలేదు, మాట నిలబెట్టుకున్నారు. గొంతు కూడా మార్చొచ్చని మీకు మాత్రం ఏం తెలుసండీ?"

అన్నయ్య బొండాం కేసే చూస్తూ, "ఆయ్, తెలీలేదండి" అన్నాడు.

ఛీ అనిపించింది. అబద్ధమని చెప్పడానికి నేనున్నాను కదా, పక్కనే ఉన్నాను కదా. నేనూ నోరు విప్పలేదు.

"తాగండమ్మా" అంది అమ్మాజీ నాకేసి చూసి. పదిమంది చేత నిజం చెప్పించి పేరు తెచ్చుకున్న ఇద్దరం, ఆవిడ ఎదురుగా కూర్చుని ఆ బొండాలు చివరిదాకా తాగి లేచి వచ్చేశాం.