తాడు మీద ముగ్గురా, నలుగురా?

నా చిన్నప్పుడు అమెరికాలో, హెర్న్‌డన్ అనే ఊళ్లో మా పక్కింటి అమెరికన్ తాత మీద నాకు గట్టి అనుమానం ఉండేది. రెండో ప్రపంచ యుద్ధంలో తను పనిచేసిన విమానవాహక నౌక మునిగిపోయిందని ఆయన చెప్పేవాడు. బాంబులు పడి, మంటలు అదుపు తప్పి, ఓడ వదిలేయమని ఆజ్ఞ వచ్చాక, నావికులంతా వంటశాలలోని ఐస్‌క్రీమ్ తలా కాస్త పంచుకుని తిన్నారట. ఓడ మునుగుతుంటే ఐస్‌క్రీమా? మా ఇంట్లో కరెంటు పోతేనే ఎవరూ అంత ప్రశాంతంగా ఉండరు.

పైగా లెక్క కుదరదు. తాడు పట్టుకుని సముద్రంలోకి దిగింది ఒకసారి ముగ్గురం అంటాడు, ఇంకోసారి నలుగురం అంటాడు. అన్నీ నోట్‌బుక్‌లో రాసిపెట్టాను. పదేళ్ల వయసులో నాకంతకంటే పనేముంది!

ఇంతలో మా టీచర్ ఆయన్ని క్లాసులో మాట్లాడమని పిలిచింది. ఆయన సంబరంగా కోటు ఇస్త్రీ చేసుకున్నాడు. అందరి ముందూ ఆ లెక్క అడిగి పట్టించేయాలని నేను నిర్ణయించుకున్నాను. సంగతి అమ్మకి చెప్పాను.

"ఏయ్ డిటెక్టివ్, పెద్దాయన్ని క్లాసులో ఎంబరాస్ చేశావంటే చూడు! అడిగేదేదో ఇప్పుడే వెళ్లి అడుగు," అని పులిహోర డబ్బా చేతికిచ్చి పంపింది.

అడిగాను. ఆయన కోప్పడలేదు. లోపలికెళ్లి, అప్పట్లో వాళ్లమ్మకి రాసిన ఉత్తరం తెచ్చి ఇచ్చాడు. ఓడ బాగుంది, భోజనం బాగుంది, మేమంతా కులాసా అని ఉంది. తేదీ చూస్తే ఓడ మునిగిన వారం తర్వాతది. శత్రువుకి తెలియకూడదని, మునిగిన సంగతి ఇంట్లోవాళ్లకి కూడా రాయొద్దని పైవాళ్ల ఆజ్ఞ అట.

"దొరికిపోయారు! ఇది అబద్ధం," అన్నాను.

"అవును ఆఫీసర్. మళ్లీ చదువు, అందులో ఒక్క తప్పు కూడా దొరకదు," అన్నాడు.

తర్వాత పులిహోరలో పల్లీలు ఏరుకుంటూ అసలు లెక్క చెప్పాడు. తాడు దగ్గర వరసలో నిలబడింది నలుగురట. నాలుగోవాడు ఆయన ప్రాణస్నేహితుడు. కింద ఇంకెవరైనా మిగిలారేమో చూసొస్తానని వెనక్కి వెళ్లాడు. రాలేదు.

"చెప్పేటప్పుడు ఒక్కోసారి వాణ్ని కూడా దింపేస్తుంటాను," అన్నాడు.

క్లాసులో నేను చెయ్యి ఎత్తలేదు. ఆ రోజు ఆయన చెప్పిన కథలో నలుగురూ దిగారు.

నా అనుమానపు బుద్ధి ఇప్పటికీ పోలేదు. ఎవరైనా తమ కష్టాన్ని తడుముకోకుండా గడగడా చెబుతుంటే కుర్చీలో వెనక్కి వాలి అనుమానంగానే వింటాను. చెబుతూ చెబుతూ లెక్క తప్పినవాళ్ల దగ్గర మాత్రం కుర్చీ కాస్త ముందుకి జరుపుకుంటాను.