మరచెంబు మీద మాది కాని ఇంటిపేరు

ఇంతవరకూ నా మాట ఎవరూ పట్టించుకోలేదు. మొన్నటికి ఏడు ఉత్తరాలు రాశాను. ఏడింటికీ నకళ్ళు నా దగ్గరున్నాయి, పోస్టాఫీసు రసీదులున్నాయి. మలేషియాలో బంటింగ్ దగ్గర పామాయిల్ మిల్లులో ముప్పై ఏళ్ళు తూకం గుమాస్తాగా పనిచేసినవాణ్ణి. లారీ లోపలికి వచ్చినప్పుడొక చీటీ, బయటికి పోయేటప్పుడొక చీటీ. చీటీ ఇచ్చిన ఎవరినీ జవాబు లేకుండా పంపలేదు. నాకు మాత్రం ఏడు ఉత్తరాలకు ఒక్క జవాబు కూడా రాలేదు. ఒక్క ఉత్తరం మాత్రం చదివారని తరవాత తెలిసింది. అది చదవకపోయినా బాగుండేది.

విషయం మొదటినుంచీ చెప్తాను. కువాలా సెలంగోర్ ఎదుటి సముద్రంలో చేపల పడవల వలలు ఎప్పుడూ ఒకే చోట చిరిగేవట. ఏముందో చూద్దామని గజ ఈతగాళ్ళను దింపితే, బురదలో సగం కూరుకుపోయిన ఇనప ఓడ కనబడింది. పంతొమ్మిదో శతాబ్దపు పొగ ఓడ. నడుము దగ్గర రేకులన్నీ లోపలినుంచి బయటికి విచ్చుకుని ఉన్నాయి. బాయిలరు పేలి మునిగిన ఓడ అని తేల్చారు. పేపర్లో బొమ్మ చూడగానే కత్తిరించి దాచుకున్నాను. ఆ ఓడ సంగతి నేను ఆరేళ్ళ వయసునుంచీ వింటున్నాను.

మా ఇంట్లో చెప్పుకునే కథ ఇది. మా ముత్తాత, తాతమ్మ భీమునిపట్నం వైపునుంచి పెనాంగ్ వచ్చి, అక్కడ చిన్న ఓడ ఎక్కి తోటలో పనికి ఈ పక్కకు వస్తున్నారు. ఒడ్డు కనబడుతుండగా బాయిలరు పేలింది. ముత్తాత పోయాడు. నిండు గర్భిణి అయిన తాతమ్మను చేపలవాళ్ళు పడవలోకి లాగారు. ఆ తరవాతి నెలలో మా తాత పుట్టాడు. ఇంటికి ఎవరొచ్చినా మా నాన్న ఈ కథ చెప్పేవాడు. "మనం ఆ ఓడలో వచ్చినోళ్ళం" అనే మాటతోనే ముగించేవాడు.

అప్పట్నుంచీ మా ఇంట్లో అన్నం ఉడికేటప్పుడు గిన్నెకు మూత పెట్టరు. ఆవిరిని లోపల బంధించకూడదని తాతమ్మ పెట్టిన నియమం. మా కోడలు రైస్ కుక్కర్ కొన్న రోజునుంచీ నేను నా అన్నం విడిగా, మూత లేని గిన్నెలో, నేనే వండుకుంటున్నాను. కోడలు నాలుగేళ్ళ కిందట చుట్టాల ముందు దీని గురించి నవ్వింది. ఆ రోజు ఎవరెవరు ఆమెతో కలిసి నవ్వారో నాకు గుర్తుంది.

ఓడ దొరికాక ఆ సామాను చూసుకునే ఆఫీసువాళ్ళు పేపర్లో ఒక ప్రకటన వేశారు. ఆ ఓడతో సంబంధం ఉన్న కుటుంబాలు రాయవచ్చు, చనిపోయినవారి పేర్లతో ఫలకం పెడతాం అని. వెంటనే రాశాను. ముత్తాత పేరు, తాతమ్మ పేరు, మూత లేని అన్నం గిన్నె, అన్నీ రాశాను. రుజువు అడుగుతారని చివర ఒక పేరా చేర్చాను. మా తెలుగువాళ్ళు ఇత్తడి సామాను మీద చుక్కలతో ఇంటిపేరు కొట్టించుకుంటారు, ఆ ఓడలో మావాళ్ళ పాత్ర ఏది దొరికినా దాని మీద మా ఇంటిపేరు ఉండి తీరుతుంది, లేకపోతే నా అర్జీని నేనే వెనక్కి తీసుకుంటాను అని. చాలా గట్టిగా రాశాననుకున్నాను. సంతకం కింద రెండు గీతలు కూడా గీశాను.

ఆ ఉత్తరం రాసే రోజు మా అప్ప, అంటే అక్క, ఫోన్ చేసింది. నాకన్నా ఏడేళ్ళు పెద్దది, క్లాంగ్‌లో ఉంటుంది. విషయం చెప్తే ఏదో అనబోయింది. ఉత్తరం మధ్యలో ఉన్నాను, తరవాత మాట్లాడతాను అని పెట్టేశాను. ఇది నాకు గుర్తు లేదు. తరవాత గుర్తు చేసింది అప్పే.

ఓడలో దొరికిన వస్తువులతో కువాలా సెలంగోర్‌లో ఒక గది తెరిచారు. నన్ను పిలవలేదు, అయినా వెళ్ళాను. రెండు బస్సులు మారాలి. వెనక వరసలో, స్తంభం చాటున ఒక కుర్చీ చూపించారు. మాట్లాడినవాళ్ళు ఒక్కరూ కనబడలేదు, చప్పట్లు మాత్రం వినబడ్డాయి. అందరూ టీ తాగడానికి పోయాక లోపలికి వెళ్ళాను.

ఫలకం నమూనా గోడకు అంటించి ఉంది. కెప్టెన్ పేరు, ఇంజనీర్ల పేర్లు, ఒక వర్తకుడి పేరు. వాటి కింద చిన్న అక్షరాల్లో "డెక్ మీది ప్రయాణికులు" అని ఉంది. అంతే. పేర్లు లేవు. రంజాన్ నెల పోయాక రాతిమీద చెక్కిస్తారట.

దాని పక్కనే గాజు పెట్టెలో మరచెంబు ఉంది. ప్రయాణాల్లో నీళ్ళు తీసుకుపోయే, మర తిప్పి మూత బిగించే ఇత్తడి చెంబు. పచ్చగా చిలుం పట్టి ఉంది. మూత ఇంకా బిగిసే ఉంది. కింద చీటీలో "ఓడ సిబ్బందిలో ఎవరిదో పాత్ర, చుక్కల అలంకారంతో" అని రాశారు.

అలంకారమట! అవి అక్షరాలు. తెలుగు అక్షరాలు. నేను చిన్నప్పుడు తోటలో సాయంత్రం బడిలో నేర్చుకున్నవాణ్ణి, మెల్లగా చదువుతాను. గాజుకు ముక్కు ఆనించి చదివాను. మళ్ళీ చదివాను. కళ్ళద్దాలు తుడుచుకుని మళ్ళీ చదివాను.

అది మా ఇంటిపేరు కాదు.

గది చూసుకునే అధికారిణి వచ్చింది. మలయ్ అమ్మాయి, మా కోడలి వయసుంటుంది. మలయ్‌లోనే మాట్లాడింది.

"అంకుల్, గాజును తాకకండి."

"ఇవి అక్షరాలమ్మా. అలంకారం కాదు. తెలుగు."

"తమిళ్‌ కదా?"

"తెలుగు!" నా గొంతు పెద్దదైంది. డెబ్బై ఏళ్ళుగా చెప్తున్న మాట ఇది. బడిలో తమిళుడని రాశారు, మిల్లులో తమిళుడన్నారు.

"అయితే ఏముంది అందులో?"

ఒక ఇంటిపేరు ఉందని చెప్పాను. అప్పుడామె నా పేరు అడిగింది. చెప్పగానే లోపలికెళ్ళి ఒక ఫైలు తెచ్చింది. అందులో నా మొదటి ఉత్తరం ఉంది. మిగతా ఆరూ ఎక్కడున్నాయో ఆమెకు తెలియదు.

"చెంబు మీద ఉన్నది మీ ఇంటిపేరేనా అంకుల్?"

కావాలంటే అబద్ధం చెప్పేయొచ్చు. ఆ గదిలో చుక్కలు చదవగలిగేది నేనొక్కణ్ణే. కానీ కాదన్నాను.

ఆమె ఉత్తరంలో చివరి పేరా మీద వేలు పెట్టింది. "మరి మీరే రాశారు కదా, వెనక్కి తీసుకుంటానని." వెటకారంగా అనలేదు. అదే ఇంకా కష్టంగా ఉంది. గోడ మీద ఇంకో చీటీ కూడా చూపించింది. దాని ప్రకారం ఓడ ఇటు రావడం లేదు. ఇక్కడి నది మొగ దాటి పెనాంగ్‌కు పోతోంది. "మీవాళ్ళు ఇక్కడికి వస్తున్నారని రాశారు. ఇది బయటికి పోతున్న ఓడ. మీది వేరే ఓడేమో అంకుల్."

బస్సులో కూర్చున్నాక నాకేమీ అర్థం కాలేదు. క్లాంగ్‌లో దిగి బస్సు మారాలన్నది మరిచిపోయి, డ్రైవరు దిగమనేదాకా కూర్చునే ఉన్నాను. మాది కాని పేరున్న చెంబు. రావలసినవైపు కాకుండా పోయేవైపు తిరిగిన ఓడ. అయితే మా ముత్తాత ఏ ఓడలో చచ్చిపోయినట్టు? మరో ఓడ కూడా పేలిందా? లేక ఏ ఓడా పేలలేదా? నేను ఇన్నేళ్ళూ మూత లేని గిన్నెలో అన్నం వండుకున్నది ఎవరికోసం?

నాలుగు రోజులు ఎవరికీ చెప్పలేదు. అయిదో రోజు అప్ప ఫోన్ చేసింది. చెప్పాను. అవతల నవ్వు వినబడింది.

"ఏట్రా నీ గోల! మరచెంబు ఎవలదనుకున్నావు? ముత్తాతదా?"

"మరి?"

"ఆడదాని సారె సామాన్రా అది. సారె సామాను మీద అత్తోరింటి పేరు కొట్టిస్తారేటి ఎవలైనా? దాని పుట్టింటోళ్ళ పేరుంటాది. నీ వంటగదిలో ఉన్నాయి కదా, పోయి సూడు. తిరగేసి సూడు."

ఫోను పక్కన పెట్టి వెళ్ళాను. మా ఇంట్లో పాతవి నాలుగు ఇత్తడి పాత్రలున్నాయి. అమ్మ తెచ్చిన బిందె, దాని అంచు కింద మా అమ్మమ్మవాళ్ళ ఇంటిపేరు. పెద్ద పళ్ళెం మీద కూడా అదే. నా భార్య తెచ్చిన గిన్నె ఉంది. ఆమె పోయి తొమ్మిదేళ్ళయింది. మూత లేకుండా నేను రోజూ అన్నం వండుకునేది ఆ గిన్నెలోనే. దాన్ని కిటికీ దగ్గరికి తీసుకెళ్ళి చూశాను. మా మామగారి ఇంటిపేరు ఉంది. చుక్కలు అరిగిపోయి, వేలికి తగులుతున్నాయి గానీ కంటికి ఆనడం లేదు. నాలుగింటిలో మా ఇంటిపేరున్నది ఒక్క చెంబు. అది నాన్న ఉద్యోగంలో చేరినప్పుడు కొనుక్కున్నది.

మళ్ళీ ఫోను తీశాను. అప్ప పెట్టేయకుండా అలాగే ఉంది.

"సూసినావా?"

"చూశాను."

"ఆ ఉత్తరం రాసినపుడు ఇదే సెప్పబోయినాను. ఇన్నావేటి? నీకు నోరే గానీ సెవులు లేవు. ఇంకో మాట కూడా ఉంది. నాయనమ్మ నాకు సెప్పినాది, నీకు సెప్పనేదు. నువ్వు మగోడివని నాన్న కత నీకు సెప్పినాడు. నాయనమ్మ కత నాకు సెప్పినాది. తాతమ్మ పురిటికి పోతన్నాదంట."

"ఎక్కడికి?"

"పుట్టింటికి. ఇంకెక్కడికి పోతారు తొలి పురిటికి? ముత్తాత దిగబెట్టడానికి ఎల్లినాడు. తోటకొచ్చి అప్పటికే రెండేళ్ళయినాదంట."

నాయనమ్మ తాతమ్మకు సొంత కోడలు. ఒకే వంటింట్లో పన్నెండేళ్ళు ఉన్నవాళ్ళు. ఆ మాట కొట్టిపారేయడానికి లేదు. అయినా నాకు నమ్మబుద్ధి కాలేదు. ఆ రోజుల్లో సముద్రం దాటి పురిటికి ఎవరు పోతారు? నిండు నెలలతో ఎవరు పంపుతారు? మరి నాన్న ఎందుకు వచ్చినోళ్ళం అని చెప్పాడు? అప్పను ఇదే అడిగాను.

"పోతా పోతా మునిగిపోయినోళ్ళం అని సెప్పుకుంటే బాగోదు కదరా," అంది.

 మేము ఇక్కడికి వచ్చినవాళ్ళమనుకునే నేను ఇన్నాళ్ళూ బతికాను. ఓడ పేలకపోయి ఉంటే మా తాత భీమునిపట్నంలో పుట్టేవాడు, తిరిగి వచ్చేవాడో లేదో ఎవరికి తెలుసు. మేము ఇక్కడ ఉన్నది వచ్చినందుకా, పోలేకపోయినందుకా?

అసలు చిక్కు తరవాత వచ్చింది. "సరే, తాతమ్మ పుట్టింటి పేరేమిటి?" అని అడిగాను.  

"అది నాయనమ్మ సెప్పనేదు. నానూ అడగనేదు."

పెనాంగ్‌లో, జార్జ్ టౌన్‌లో ఉన్న పినతండ్రి కొడుక్కి ఫోన్ చేశాను. తెలియదు. మా దగ్గరున్న కాగితాలన్నీ వెతికాను. ముత్తాత పేరు, ఆయన తండ్రి పేరు, ఆయన తండ్రి పేరు కూడా ఉన్నాయి. తాతమ్మది ఒట్టి పేరే ఉంది. చెంబు ఆమెదే అయితే, ఆమె పుట్టింటి పేరు మాకు ఇప్పుడే దొరికింది. ఆమెది కాకపోతే మాకు ఏదీ దొరకలేదు. చెంబు ఆమెదని చెప్పడానికి ఆ పేరు కావాలి. ఆ పేరు ఆమెదని చెప్పడానికి ఆ చెంబు తప్ప నా దగ్గర ఏమీ లేదు.

అప్పను వెంటబెట్టుకుని మళ్ళీ వెళ్ళాను. మోకాళ్ళ నొప్పి అంటూనే వచ్చింది. నా భార్య గిన్నెను సంచిలో పెట్టుకుని తీసుకెళ్ళి అధికారిణి బల్ల మీద బోర్లించాను. చుక్కలు తడిమి చూడమన్నాను. పాపం, చూసింది. సారె అంటే ఏమిటో అప్ప తనకొచ్చిన మలయ్‌లో చెప్పింది.

"నాకు అర్థమైంది ఆంటీ. కానీ ఫైల్లో ఉన్నది అంకుల్ రాసిన మాట. పైవాళ్ళు అదే చూస్తారు."

"ఈడు రాసిందానికి తాతమ్మ ఏటి సేస్తాది?" అని అప్ప నా వైపు తిరిగి తెలుగులో అంది. తరవాత గాజు పెట్టె దగ్గరికెళ్ళి నిలబడింది. మూత బిగిసే ఉన్న ఆ చెంబును చూస్తూ, "ఆ రోజు నీళ్ళు ఇంకా లోపలున్నాయేమో," అంది. నేనూ వెళ్ళి పక్కన నిలబడ్డాను. ఎవరూ మమ్మల్ని పొమ్మనలేదు. అది కూడా రాయాలి కదా.

ఎనిమిదో ఉత్తరం నిన్న రాశాను. మొదటి ఉత్తరంలో చివరి పేరా తెలియక రాసినదని, దాన్ని కొట్టేయమని అడిగాను. ఒకరి అజ్ఞానాన్ని ఇంకొకరి మీద రుజువుగా వాడకూడదని కూడా రాశాను. ఈసారి ఉత్తరం మూసే ముందు అప్పకు ఫోన్లో చదివి వినిపించాను. రెండు చోట్ల దిద్దించింది.

ఇక ఇది చదువుతున్నవాళ్ళను అడుగుతున్నాను. భీమునిపట్నం వైపు, విజయనగరం వైపు, ఎక్కడైనా సరే. మీ ఇంట్లో పెద్దవాళ్ళు ఎప్పుడైనా చెప్పుకున్నారా, సముద్రం అవతలికి ఇచ్చిన ఆడపిల్ల పురిటికి వస్తానని కబురు పంపి రాలేదని? ఆమెకు సారెలో మరచెంబు పెట్టామని? ఆ చెంబు మీదున్న ఇంటిపేరు నేను ఇక్కడ రాయను. రాస్తే ఎవరైనా మాదే అనవచ్చు. ముందు మీరు మీ ఇంటిపేరు చెప్పండి, నేను పోల్చి చూస్తాను. ఆఫీసువారికి కూడా ఇదే మాట. రంజాన్ నెల దగ్గర పడుతోంది. రాతిమీద చెక్కాక చెరపడం కుదరదు. ఆమె వస్తోందా, పోతోందా, ఆ చెంబు ఆమెదా కాదా? ఎవరో ఒకరు నాకు జవాబు చెప్పండి.